ఆదిత్యులలో కడగొట్టువాడు

హైదరాబాదు పత్తర్‌గట్టి రాతి కమానుల క్రింద తండ్రీకొడుకులు, అన్నదమ్ములు ఒక్క గద్దెపై కూర్చుండి వర్తకము సాగించు అంగళ్లు కలవు. రథసప్తమినాడు సూర్యునకు అర్ఘ్యమిచ్చు అట్టి కుటుంబములకు ఒక పోలిక చెప్పదగియున్నది.

యవన పురాణమున క్రోనస్ తన తండ్రి యూరనస్‌ను పదభ్రష్టుని చేసెను. క్రోనస్‌ను అతని కడగొట్టు కొడుకు జ్యూస్ పడద్రోసెను. పూర్వదేవతలగు టైటనులు పెక్కురు పాతాళమున బంధింపబడిరి. వారిలో నొకడగు హైపీరియన్ కుమారుడు హీలియస్, అనగా సూర్యుడు, మాత్రము నాలుగు గుఱ్ఱముల రథమును తోలుచునే యుండెను. ఎవరు గద్దె నెక్కినను లోకమునకు వెలుగు కావలెను గదా!

మన అదితి బిడ్డలలో కడగొట్టువాడు వామనుడు. ఆదిత్యులలో విష్ణువు తానేయని గీతయందు భగవానుడనెను. వామనుడు మూడడుగులతో ముల్లోకములు గెలిచియు సింహాసనమెక్కక, అన్నయగు ఇంద్రునికే రాజ్యమప్పగించి ఉపేంద్రుడాయెను. ఓడిన బలికి సుతలమిచ్చి, అతని వాకిట తానే కావలి నిలిచెను.