ఆది జాకెట్టు

తెనాలిలో మా అమ్మ ముప్పై ఏళ్ళుగా జాకెట్లు కుడుతోంది. ముందు గదిలో ఉషా మిషను, కిటికీ చువ్వకి వేలాడే టేపు, గూట్లో అంచులు నలిగిపోయిన కొలతల పుస్తకం. గుడ్డ తెచ్చినవాళ్ళని ముందుగా అడిగేది ఒక్కటే, "ఆది తెచ్చావా అమ్మా?" అని. ఒంటికి బాగా కుదిరిన పాత జాకెట్టు ఒకటి చేతికిస్తే చాలు, దాన్ని గుడ్డ మీద పరిచి కొత్తది కోసేస్తుంది. టేపు పెట్టగానే అందరూ ఊపిరి బిగబట్టి పొట్ట లోపలికి లాక్కుంటారట. ఆది జాకెట్టు అలా లాక్కోదట. అందుకని అమ్మకి టేపుకన్నా ఆది మీదే గురి.

2024 జనవరిలో ఒక రాత్రి క్లీవ్‌లాండ్‌లో మా వంటింటి బల్ల దగ్గర కూర్చుని గౌను సైజు రాయాల్సి వచ్చినప్పుడు నాకు ఆ ప్రశ్నే గుర్తొచ్చింది. మే నెల ఆఖరి శనివారం నా స్నేహితురాలి పెళ్ళి. ఇక్కడ చదువుకోవడానికి వచ్చినప్పుడు మొదటి చలికాలం నాకు తన కోటు ఇచ్చిన మనిషి. పెళ్ళిలో పెళ్ళికూతురి పక్కన నిలబడే ఐదుగురిలో నన్ను ఒకర్తెని చేసింది. ఐదుగురికీ ఒకే రంగు, ఒకే గుడ్డ. ఆర్డరిచ్చాక కుట్టి పంపేవి కాబట్టి నాలుగు నెలల ముందే సైజు చెప్పాలి, వెనక్కి తీసుకోరు. నేనప్పుడు కడుపుతో ఉన్నాను, పదమూడో వారం. పెళ్ళి నాటికి ముప్పై ఒకటి. నా మామూలు సైజు 8. వాళ్ళ పట్టికలో చూసుకుంటే అప్పటికే 10కి వచ్చాను. మే నెలలో నేనెంత ఉంటానో చెప్పే ఆది నా దగ్గర లేదు. నా దగ్గరేమిటి, ఎక్కడా లేదు.

ఒక మాట చెప్పకుండా ఇది ముందుకు సాగదు. అంతకు రెండేళ్ళ ముందు ఒకసారి నిలిచి, పదో వారంలో పోయింది. ఆ సారి ఏ బట్టా బిగుతు కాలేదు. ఒంటి మీద ఏ గుర్తూ వదలకుండానే వచ్చి వెళ్ళిపోయింది. మన ఇళ్ళలో కడుపులో ఉన్న బిడ్డకి ముందుగా కొత్త బట్టలు కొనరు. పుట్టాక కూడా ముందు పాత మెత్తటి గుడ్డలోనే చుడతారు. ఎందుకని చిన్నప్పుడు అడిగితే అమ్మమ్మ జవాబు చెప్పలేదు. ఆ జవాబు నాకు ఇరవై తొమ్మిదో ఏట తెలిసింది. అలాంటి ఇంట్లో పుట్టిన నేను, నాలుగు నెలల తరవాత నిండుగా ఉండబోయే పొట్టకి ముందే గౌను చెప్పడమంటే, బిడ్డ ఉంటుందని రాతపూర్వకంగా ఒప్పుకోవడమే. 14 అని రాశాను. రాసి చాలాసేపు ఆ అంకెను చూస్తూ ఉండిపోయాను.

నేను తప్పుకుంటానని స్నేహితురాలితో అన్నాను కూడా. వరసలో నలుగురు ఒకలా, నేనొక్కదాన్నే వేరేలా కనిపిస్తానేమోనని. "వరస చివర నీకొక కుర్చీ వేయిస్తాను, కాళ్ళు నొప్పెడితే కూర్చో" అంది. అంతకు మించి ఆ సంగతి మాట్లాడలేదు. అమ్మకి మాత్రం వింతగా ఉంది. "తోడు పెళ్ళికూతురంటే చిన్నపిల్లని పెడతారు కదే. కడుపుతో ఉన్నదాన్ని పెట్టుకుంటారా వాళ్ళు?" అని అడిగింది. ఒకప్పుడు వాళ్ళూ పెట్టుకునేవారు కాదు. 1840లో విక్టోరియా రాణి పెళ్ళిలో ఆమె గౌను వెనకంచు పట్టుకుని నడిచిన పన్నెండు మందీ పెళ్ళికాని అమ్మాయిలే. తోడు నిలబడే మనిషి ఇంకా ఏమీ మొదలుకాని మనిషి అయి ఉండాలన్న ఊహ వాళ్ళకీ మనకీ ఒక్కటే.

గౌను మార్చి చివర్లో వచ్చింది. ఎండబెట్టిన మునగాకు రంగు షిఫాన్, లోపల శాటిన్ లైనింగు. దాన్ని సరిచేయించడానికి ఏప్రిల్ 8, సోమవారం మధ్యాహ్నం మూడింటికి రమ్మన్నారు. సరిగ్గా ఆ రోజే ఆ పూటే క్లీవ్‌లాండ్ మీదుగా సంపూర్ణ సూర్యగ్రహణం. మన దేశంలో అది కనపడదు, అప్పటికి అక్కడ రాత్రి. అయినా అమ్మ ఫోను చేసింది. "కనపడని చోట పట్టింపు లేదు. కానీ నువ్వున్న చోట కనపడుతుందిగా. ఆ పూట సూదీ కత్తెరా ఉన్న చోటికి వెళ్ళకు తల్లీ." గ్రహణానికీ గర్భానికీ సంబంధం లేదని నాకు తెలుసు. అయినా బుధవారానికి మార్పించుకున్నాను. పోయినసారి నెలల తరబడి వెతుక్కున్నాను, ఆ రోజు ఏం తిన్నాను, ఏం ఎత్తాను, ఏ మెట్టు దిగాను అని. నమ్మకం ఉండి మానలేదు. మళ్ళీ అలా వెతుక్కోవడానికి ఇంకో రోజు ఇవ్వదలుచుకోలేదు, అంతే. మూడుంపావు అవుతుండగా తెర వేసిన గదిలో కూర్చున్నాను. దాదాపు నాలుగు నిమిషాల పాటు వీధి దీపాలు వెలిగాయి, పిట్టలు మాట మానేశాయి, పెరట్లోంచి మా ఆయన కేక వినపడింది. నా చెయ్యి పొట్ట మీదే ఉంది.

దర్జీ దుకాణం పార్మాలో. రిడ్జ్ రోడ్డు మీద శివ విష్ణు ఆలయం ఉన్న ఊరే, వారం వారం వెళ్ళేదే. అయితే ఇది అటు కాదు, స్టేట్ రోడ్డు వైపు, యుక్రేనియన్ విలేజ్ అంటారు. బేకరీలు, చర్చీలు, బోర్డుల మీద నాకు చదవడం రాని అక్షరాలు. దర్జీ ఆవిడకి అరవై దాటి ఉంటాయి. ఇంగ్లీషు నాలుగు ముక్కల్లో మాట్లాడుతుంది. మణికట్టుకి గుండుసూదులు గుచ్చిన చిన్న దిండు. ఎన్నో నెలని అడగలేదు. గౌను తొడిగి వెనక జిప్పు లాగింది. నడుం దాటింది, పొట్ట దాటింది, రొమ్ము కిందకి వచ్చి ఆగింది.

"పొట్ట కాదు, ఎముకలు" అంది.

నేను పొట్ట ఒక్కటే పెరుగుతుందనుకున్నాను. తరవాత మా డాక్టరమ్మని అడిగితే ఆవిడ కూడా అదే చెప్పింది. బిడ్డకీ గాలికీ చోటివ్వడానికి పక్కటెముకల గూడే విచ్చుకుంటుందట, చుట్టుకొలత ఐదారు సెంటీమీటర్లు పెరుగుతుందట. ఒంట్లో రక్తం నెలలు నిండేసరికి మామూలుకన్నా దాదాపు సగం ఎక్కువవుతుందట. ఎముక మారదనే కదా మనం అనుకునేది. ఒళ్ళు వచ్చినా, తగ్గినా, లోపలి చట్రం మనదేననీ, అదే మన అసలు కొలత అనీ. ఆ చట్రమే పక్కకి జరుగుతోందని నాకు ఒక జిప్పు చెప్పింది.

దర్జీ ఆవిడ గౌను తిరగేసి లోపలి కుట్టు చూపించింది. అర అంగుళం గుడ్డ, అంతే. విప్పినా ఇటూ అటూ కలిపి వేలెడు కూడా రాదు. నాకు అమ్మ కుట్టే జాకెట్టు లోపలి పక్క కళ్ళముందు కదిలింది. రెండేసి వేళ్ళ వెడల్పు గుడ్డ లోపలికి మడిచి, పక్కల్లో మూడు వరసల కుట్లు వేస్తుంది అమ్మ. వీధిలో ఆడవాళ్ళు ఏడాదికోసారి వస్తారు. "ఒక కుట్టు విప్పు పిన్నీ" అంటారు. కాన్పు తరవాత కొందరు "మళ్ళీ ఒక కుట్టు వెయ్యి" అంటారు. కొత్తగా పెళ్ళయిన పిల్లయితే ఇంకాస్త ఎక్కువ వదులుతుంది, అడక్కుండా, చెప్పకుండా. ఆ పిల్ల ఇంటికెళ్ళి తొడుక్కుంటే సరిగ్గా సరిపోతుంది, లోపల మాత్రం రాబోయే నాలుగైదేళ్ళకి చోటుంటుంది. ఆ మూడు వరసలూ మనిషి మారుతుందన్న ఎరుకతో వేసినవి. ఫ్యాక్టరీలో వేల గౌన్లు కోస్తారు, ఒక్కోదానికి వేలెడు గుడ్డ మిగిల్చినా మొత్తం మీద బోలెడవుతుంది. ఆ లెక్క నాకు అర్థమవుతుంది. కానీ అలా కుట్టిన బట్ట మనిషిని పూర్తయిపోయిన వస్తువు అనుకుంటుంది. చీర సంగతి వేరు. నెలలు పెరిగే కొద్దీ కుచ్చిళ్ళలో ఒకటి తగ్గించుకుంటాం, ఆ గుడ్డ పొట్ట చుట్టూ తిరుగుతుంది. ఎవరి దగ్గరికీ వెళ్ళక్కర్లేదు.

ఆవిడ చేసిన పని ఇదీ. నేను ఐదడుగుల ఒక అంగుళం. గౌను పొడుగాటి మనుషుల కోసం కుట్టినది, నా పాదాల చుట్టూ ఎనిమిది అంగుళాలు కుప్పగా పడి ఉంది. పెళ్ళికి వేసుకోబోయే చెప్పులు తొడగమంది. మోకాళ్ళ మీద కూర్చుని, పళ్ళ మధ్య గుండుసూదులు పెట్టుకుని, నా చుట్టూ ఒక్కో అడుగే జరుగుతూ అంచు గుచ్చింది. ముందు వైపు అంగుళన్నర ఎక్కువ వదిలింది, మే నాటికి పొట్ట గుడ్డను పైకి లాగుతుందని. కింద మిగిలిన ఆ షిఫాన్‌నే కోసి, చంకల కింద నుంచి తుంటి దాకా రెండు పక్కలా పొడుగాటి ముక్కలుగా వేసింది. అదే గుడ్డ కాబట్టి రంగులో తేడా లేదు. నా పొట్టితనం నా బిడ్డకి చోటయింది. నాకు ఆ దుకాణంలో కళ్ళనీళ్ళు తిరిగాయి. ఆవిడ చూసి, ఏమీ అనకుండా ఒక ముక్కాలి పీట లాగి కూర్చోబెట్టింది. కుట్లు అప్పుడే బిగించలేదు. పైపైన పొడుగు కుట్లు వేసి, "ఎంత ఆలస్యంగా రాగలవో అంత ఆలస్యంగా రా" అంది.

ఆ వారంలోనే డాక్టరమ్మ దగ్గర కూడా టేపు పెట్టారు. ఇరవై వారాలు దాటాక గర్భసంచి ఎత్తు సెంటీమీటర్లలో సుమారుగా వారాల లెక్కకి సరిపోతుంది. ఇరవై నాలుగు వారాలకి ఇరవై నాలుగు, రెండు అటూ ఇటూ. పడుకుని పైకప్పు చూస్తూ ఆ అంకె కోసం ఊపిరి బిగబట్టాను, అమ్మ దగ్గరికి వచ్చే ఆడవాళ్ళలాగే. ఇరవై నాలుగే వచ్చింది. ఆ టేపు అవసరమే, ఎందరినో కాపాడుతుంది. దానికొక సరైన జవాబుంది, దానికి నేను సరిపోవాలి. పార్మాలో ఆవిడ టేపుకి అలాంటి జవాబేదీ లేదు. ఎంతుంటే అంతే రాసుకుంది, సరిపోవాల్సింది గౌను. ఆ తొమ్మిది నెలల్లో నన్ను ఎంతోమంది కొలిచారు. భయం లేకుండా నిలబడింది ఆవిడ ముందొక్కటే. మే మధ్యలో మళ్ళీ వెళ్ళాను. పక్క ముక్కలు వేలెడు వదిలి బిగించింది, అంచు కుట్టింది, జిప్పు ఆగకుండా పైదాకా వెళ్ళింది.

పెళ్ళి బాగా జరిగింది. కుర్చీ ఉంది, కాసేపు కూర్చున్నాను. ఫోటోల్లో ఐదుగురం ఒకే ఆకుపచ్చలో ఉన్నాం, నా గౌను పక్కల్లో ఏం జరిగిందో ఎవరికీ కనపడదు.

జులై చివర్లో పాప పుట్టింది. అమ్మ తెనాలి నుంచి వచ్చింది, పెట్టెలో తన పాత నూలు చీరలు నాలుగు తెచ్చింది, ఉతికి ఉతికి మెత్తబడ్డవి. ఒకరోజు బీరువాలో గౌను కనపడితే తీసి, బయటి వైపు చూడనే లేదు, నేరుగా తిరగేసింది. వేలితో పక్క కుట్టు పట్టుకుని పైనుంచి కిందదాకా తడిమింది. కిటికీ దగ్గరికి తీసుకెళ్ళి మళ్ళీ చూసింది.

"ఎవరే కుట్టింది? చెయ్యి తిరిగిన మనిషి. లోపల గుడ్డ కూడా వదిలింది చూడు" అంది.

ఆ మధ్యాహ్నం చీరల్లో ఒకటి చించి పాపకి చొక్కా కుడతానంది. ఇక్కడ మిషను లేదు, చేత్తోనే. నేను కొలిచి ఇవ్వనా అని అడిగాను.

"మూడు వారాల పిల్లకి ఆదేముంటుందే" అంటూ గుడ్డ మడిచింది. నిద్రపోతున్న పాప మీద ఒక్కసారి పరిచి చూసి, అంతకన్నా బాగా వెడల్పుగా కోసింది. పక్కల్లో మూడు వరసలు కుట్టింది.