తలక్రిందులైన జీవి



మన తప్పు మనకు తెలిసిన తరువాత దానిని ఎవరి యెదుట ఒప్పుకొనవలెను? ఒక చిన్న సముద్రజీవి కథ ఈ ప్రశ్నను మా ముందుంచినది.

కెనడా దేశపు కొండలలో బర్జెస్ షేల్ అను పలకరాతి పొరలు గలవు. 1909లో చార్లెస్ వాల్కాట్ అను శాస్త్రవేత్త వాటిలో పురాతన సముద్రజీవుల అచ్చులను కనుగొనెను. అవి సుమారు 50 కోట్ల సంవత్సరముల నాటివి. వాటిలో ఒకటి వ్రేలంతయైనను లేని మెత్తని ప్రాణి. దాని కొక ప్రక్క గట్టి ముండ్లు, మరియొక ప్రక్క మెత్తని తీగలవంటి అవయవములు ఉండెను. 1977లో సైమన్ కాన్వే మారిస్ దానికి హాలూసిజీనియా అని పేరు పెట్టెను. మతిభ్రమలో కనబడునట్టిదని భావము. అది ముండ్ల మీద, కొయ్యకాళ్లవాని వలె, నడిచెనని ఆయన తలంచెను.

1991లో రామ్‌షోల్డ్, హౌ షియాన్‌గ్వాంగ్ అను ఇద్దరు, చైనాలో దొరికిన దాని బంధుజీవులను చూచి, ముండ్లు వీపున కావలి యనియు, మెత్తని తీగలే కాళ్లనియు తెలిపిరి. అనగా అంతవరకు ఆ ప్రాణిని తలక్రిందుగా నిలిపిరన్నమాట! 2015లో మరియొకటి బయలుపడెను. తల యనుకొన్న మచ్చ, చచ్చిన దేహమునుండి కారిన ద్రవపు మరక. కన్నులు, పండ్లు రెండవ కొనను ఉండెను.

మొదటి మాట అచ్చులో వెలువడెను గనుక దిద్దుబాటును అచ్చులోనే వెలువడెను. కాన్వే మారిస్ తానును దానిని అంగీకరించెను.

ఇది విని మొదట నవ్వుకొంటిమి. తరువాత నవ్వు ఆగిపోయెను. గత కోతపండుగ వడ్లలో రెండు బస్తాలు తక్కువైనవని మేము ఆరాధనలో అందరి యెదుట పలికితిమి. వడ్లు కాచిన సంఘపెద్ద తలవంచుకొని కూర్చుండెను. నెల తిరిగిన తరువాత పుస్తకము తెరచి చూడగా, ఒక యింటివారి కానుకను మేమే రెండుమారులు వ్రాసికొని యుంటిమి. చీకటి పడినాక ఆయన యింటికి వెళ్లి క్షమాపణ వేడితిమి. పగలు వెళ్లుటకు సిగ్గైనది, దాచనేల? ఆయన "పోనీండి అయ్యగారూ" అనెను. ఆయన భార్య మాత్రము, "గుడిలో పోయిన పేరు ఈ అరుగు మీద తిరిగొస్తుందా అయ్యగారూ?" అని అడిగెను.

అప్పుడు ఉత్తరమియ్యలేక లేచి వచ్చితిమి. వచ్చు ఆదివారము ప్రకటనల వేళ ఆ లెక్కపుస్తకము చేతపట్టుకొని నిలువబోవుచున్నాము.