చేవ్రాలు ఎవరిది?

ఒకరి పేర వేరొకరు చేసిన ఒడంబడిక మొదటివారిని కట్టునా, కట్టదా? ఇది న్యాయవాదులు తేల్చుకొనవలసిన ప్రశ్నయని చాలకాలము తలచితిని. మా యింట జరిగిన యొక చిన్న సంగతి నా తలంపును మార్చినది. దానిని తరువాత విన్నవించెదను. ముందుగా నేను కాపురముండు తావును గూర్చి కొన్ని మాటలు చెప్పవలసియున్నది.

నేరేడ్‌మెట్ సికిందరాబాదు రైల్వే స్టేషనునకు ఈశాన్యమున కొన్ని మైళ్ల దూరమున నున్నది. పేరులో నేరేడు వినబడుచున్నను వీధులలో కనబడునవి ఇండ్లు, దుకాణములు, సైనికుల నివాసములు. ప్రక్కనే సైనికపురి. ఉదయమున నడకకు పోవునప్పుడు నాతో మాటలాడు పెద్దలలో సగముమంది దండులో పనిచేసి విశ్రాంతి గైకొన్నవారే. ఇట్టిచోట సంధి, విగ్రహము అనునవి పుస్తకములలోని మాటలుగా నుండవు. సికిందరాబాదు పుట్టుటయే ఒక సంధివలన. 1798లో నిజాం అలీఖాను ఇంగ్లీషు కంపెనీతో చేసికొన్న సైన్యసహకార సంధి ఫలితముగా ఇచ్చట దండు విడిసినది; 1806లో దానికి నాటి నిజామగు సికందర్ జా పేరు పెట్టిరి. నడుమ 1800లో, ఆ సైన్యపు ఖర్చుక్రింద, బళ్లారి, అనంతపురము, కడప సీమలను, కర్నూలులో కొంతభాగమును నిజాము కంపెనీకి ఇచ్చివేసెను. ఆ సీమలలోని రైతును, సాలెవానిని, పూజారిని ఎవ్వరును ఒక్క మాట యడుగలేదు. నూట యిరువది యెనిమిది యేండ్లు ఆ నేలకు దత్తమండలములను పేరే నిలిచినది. ఇచ్చినవాడు పోయెను, పుచ్చుకొన్న కంపెనీయు పోయెను. ఇయ్యబడినవారికి మాత్రము ఆ సంగతి పేరుగా మిగిలినది. 1928లో నంద్యాలలో కూడిన ఆంధ్రమహాసభలలో వారు ఆ పేరును విడిచి రాయలసీమ యని పిలుచుకొనిరి. తాము చేయని చేవ్రాలును తమ నొసటినుండి తుడిచికొనుటకు వారికి అంతకాలము పట్టినది.

ఐరోపా మాట కిక వచ్చెదను. 1914లో అచ్చటి రాజ్యములు ఒకదానిపై నొకటి పడినప్పుడు సికిందరాబాదు పేరు గల అశ్వికదళము ఫ్రాన్సునకు పోయెను. 1916 జూలై 14వ తేదీన, సోమ్ నదీప్రాంతమున, హైవుడ్ అను తోపు దగ్గర ఆ దళములోని దక్కను హార్సువారు బల్లెములు చేబూని మరతుపాకుల కెదురుగా గుర్రములను దుమికించిరి. ఆ యుద్ధమున మనదేశమునుండి పది లక్షలకు మించిన జనము కడలి దాటిరి. 74 వేలకు పైగా మరణించిరి. ఈ రక్తమునకు ప్రతిఫలముగా మనకు లభించినది ఒక కుర్చీ. 1919 జూన్ 28వ తేదీన వెర్సేల్సు నగరపు అద్దాల మందిరములో సంధిపత్రముపై హిందూదేశము పక్షమున ఇద్దరు చేవ్రాలు చేసిరి: ఒకరు ఆంగ్లేయ మంత్రి మాంటేగు, ఒకరు బికనీరు మహారాజు గంగాసింగు. ముప్పది కోట్ల జనములో ఒక్కరును వారిని ఎన్నుకొనలేదు. అంతకు రెండున్నర నెలల క్రిందటనే జలియన్‌వాలా బాగున తుపాకులు ప్రేలినవి. ఆ చేవ్రాలుతోనే మనదేశము నానాజాతి సమితికి మూలసభ్యురాలయ్యెను. తన యింటి తాళపుచెవి తనకు లేకయే ఊరి పంచాయతీలో సభ్యత్వము! 1928 ఆగష్టు 27న పారిసులో యుద్ధమును త్యజించుచు పలుదేశములవారు ఒప్పందము వ్రాసికొన్నప్పుడు, కషెండన్ ప్రభువు బ్రిటనుకును హిందూదేశమునకును తానొక్కడే సంతకము పెట్టెను. ఒక్క కలము రెండు దేశముల మనస్సాక్షిని మోసినది.

ఆ అద్దాల మందిరములోనే వేరొక విధమైన చేవ్రాలును జరిగినది. జర్మనీ మంత్రులగు ముల్లరు, బెల్ అనువారు షరతులు మార్చుకొనుట కధికారము లేక, కాదన్నచో మరల యుద్ధమను బెదిరింపుక్రింద కలము పట్టిరి. ఇట్టి సంకెళ్లు తగిలించుకొను చేయి ఎండిపోదా యని అంతకుముందే షైడెమాను పలికి, సంతకము చేయనొల్లక ప్రధాని పదవిని విడిచెను. బలవంతముచే పెట్టించిన వ్రాత వ్రాత కాదను వాదమునకు ఇంతకంటె గట్టి నిదర్శనము దొరకదు. ఆ వాదమునందు సత్యమున్నదని నేనును ఒప్పుకొందును. కాని దానిని చేతబట్టుకొని వచ్చినవాడు ఏమి చేసెనో చూడుడు. 1925లో లొకార్నోలో చేసికొన్న సంధిని జర్మనీపై ఎవ్వరును రుద్దలేదు. స్ట్రెసెమాను తానుగా ముందుకు వచ్చి, సరిసమానుడై కూర్చుండి చేసికొన్నది. 1936 మార్చి 7వ తేదీన హిట్లరు రైను ప్రాంతమునకు సైన్యమును నడిపినప్పుడు బలవంతపు వెర్సేల్సును, ఇష్టపూర్వకమైన లొకార్నోను ఒక్క అడుగుతోనే త్రొక్కివేసెను. తనకు జరిగిన అన్యాయమును చూపి, తాను మనసారా ఇచ్చిన మాటను గూడ ఎగవేయువారు రాజ్యములలోనే కాదు, మన బంధువర్గములోను కలరు. అందుచేత చేవ్రాలు అన్యాయమైనదని నిరూపించినంత మాత్రమున ప్రశ్న తీరిపోదు.

1938 సెప్టెంబరు 29వ తేదీన మ్యూనిక్ నగరములో నలుగురు కూర్చుండిరి: హిట్లరు, ముసోలినీ, చేంబర్లేను, దలాదియే. వారు పంచుకొన్నది చెకోస్లోవేకియా దేశపు సరిహద్దు సీమ. ఆ దేశపు ప్రతినిధులిద్దరు, మస్త్నీ, మసారిక్ అనువారు, ఆ యూరనే యుండిరి. కాని సభలో గాదు, హోటలు గదిలో. అర్ధరాత్రి దాటిన పిమ్మట వారిని పిలిపించి కాగితమును, పటమును చేతికిచ్చిరి. సమాధానము చెప్పవలసిన పని లేదనియు, అంగీకరించినట్లే భావించుచున్నామనియు ఫ్రెంచివారు వారికి తెలిపిరి. ఆ సమయమున చేంబర్లేను ఆవులించుచుండెనని మసారిక్ తన నివేదికలో వ్రాసికొనెను. చరిత్రకారులు మ్యూనిక్‌ను గూర్చి సైన్యబలము, విమానముల సంఖ్య, ఫ్రాన్సు మాట తప్పుట మొదలుగా ఎన్నియో వ్రాసిరి. నాకు మాత్రము ఆ ఆవులింతయే మరపురాదు. చేంబర్లేను దుష్టుడని నేననను. ఇరువది యేండ్ల క్రిందటి మహాసంగ్రామమున కొడుకులను పోగొట్టుకొన్న తల్లులు అతడు తిరిగివచ్చినప్పుడు కన్నీళ్లతో ఎదుర్కొనిరి. మరల అట్టి శోకము రాగూడదని అతడు మనసారా కోరెను. మేలు చేయుచున్నానను నమ్మకమే ఎదుటివానిని అడుగనవసరము లేదను ధైర్యమును అతనికిచ్చినది. ఆరు నెలలు గడువకమునుపే, 1939 మార్చి 15న, జర్మను సైన్యము ప్రేగు నగరమున ప్రవేశించినది.

ఆ హోటలు గదిని గూర్చి చదువునప్పుడు నాకు ఐరోపా జ్ఞప్తికి రాదు. మన నట్టింటి తలుపు జ్ఞప్తికి వచ్చును. ఆ తలుపు చాటున నిలిచి మన ఆడువారెందరు తమ బ్రతుకును గూర్చిన సంప్రదింపులను ఆలకించిరి! వరుడెవ్వరో, కట్నమెంతయో, భర్త పోయిన పిమ్మట ఏ ఇంట నుండవలెనో లోపల మగవారు తేల్చెదరు. పిమ్మట ఎవరో ఒకరు వెలికి వచ్చి, ‘కుదిరినది’ అందురు. సమాధానము చెప్పవలసిన పని లేదు.

మా తాతగారు నేరేడ్‌మెట్‌లో గజము ధర రూపాయలలో నున్న దినములలో కొంత స్థలము కొనిరి. వీలునామా వ్రాయకయే గతించిరి. 1956 నాటి హిందూ వారసత్వ చట్టము ప్రకారము కొమార్తెకును కొడుకులతో సమానమైన భాగము కలదు. మా మేనత్త యొక్కతెయే ఆడపడుచు. కొన్ని యేండ్ల క్రిందట మేము, అనగా అన్నదమ్ముల బిడ్డలము, స్థలమును పంచుకొనదలచి, ఆమెచేత హక్కు విడుదల దస్తావేజు వ్రాయించితిమి. ఎవ్వరును కఠినముగా మాటలాడలేదు. పట్టుచీర పెట్టితిమి, భోజనము చేయించితిమి, కారులో తీసికొనిపోతిమి. ఇష్టపూర్వకముగనే వ్రాసితిరా యని కచేరిలో అడిగినప్పుడు ఆమె తల యూపెను. ‘ఇచ్చట, అత్తమ్మా’ యని చేవ్రాలు చేయవలసిన చోట వ్రేలు చూపినవాడను నేనే.

మరుసటి యేడు దసరాకు పోయినప్పుడు, బతుకమ్మ పూలు విడదీయుచు, ఆమె తలయెత్తకయే ఇట్లనెను: “అడిగితె ఇయ్యకపోదునా బిడ్డా? గీడ పెట్టుమంటే పెట్టిన. ఇచ్చిన అన్న పేరన్న నాకు దక్కకపాయె.”

ఆమె భాగమును గూర్చి ఏడ్వలేదు. తాను ఇచ్చియుండదగిన దానిని మేము తీసికొన్నామని యామె బాధ. ఫలితము రెండింటను ఒక్కటే. కాగితముపై అక్షరములును ఒక్కటే. అడిగి పుచ్చుకొన్నచో అది దానము. అడుగక పుచ్చుకొన్నచో, చేవ్రాలున్నను, అపహరణమునకు చుట్టము. దాతయగు భాగ్యమును ఆమెకు లేకుండ చేసితిమి.

పెద్దలు మేలెరిగి చేయుచుండగా ప్రతివారిని అడుగుచు కూర్చుండిన ఏ కార్యమును సాగదని కొందరందురు. బిడ్డకు మందు పోయునప్పుడు బిడ్డ నడుగుదుమా యని ప్రశ్నింతురు. బిడ్డ నడుగము, నిజమే. అయితే ఈ దృష్టాంతము ఎవరి నోట ఎప్పుడు వచ్చునో గమనింపుడు. సామ్రాజ్యము ప్రజలను బిడ్డలనును, ప్రభువు రైతులను బిడ్డలనును, మగవాడు డెబ్బది యేండ్ల మేనత్తను గూడ బిడ్డను చేయును. అడిగినచో కాదందురేమో యను భయము కలవానికే ఎదుటివారు బిడ్డలుగా తోతురు. మేలే కోరి, ఆ మేలు స్పష్టముగా నున్నచో, అడుగుటకు వెరపేల?

1939 సెప్టెంబరు 3వ తేదీన వైస్రాయి లిన్లిత్‌గో ప్రభువు, కేంద్ర శాసనసభను గాని, రాష్ట్రములలోని మంత్రివర్గములను గాని అడుగకయే, మనదేశము యుద్ధమున నున్నదని ప్రకటించెను. నాజీలను మనవారు ప్రేమించుటలేదు; చెకోస్లోవేకియాకు జరిగినదానికి ఇచ్చటి పత్రికలు తపించినవి. ఆ నెల 14వ తేదీన కాంగ్రెసు కార్యవర్గము యుద్ధాశయములు తెలుపుమని కోరుటలో, అడిగినచో ఇయ్యకపోదుమా యన్న మా మేనత్త మాటయే నాకు వినబడుచున్నది. తగిన సమాధానము రానందున కాంగ్రెసు మంత్రివర్గములెల్ల అక్టోబరు, నవంబరు మాసములలో రాజీనామా లిచ్చినవి.

మన నిజాము సంగతి ఇంకను చిత్రమైనది. 1853లోను, 1902లోను ఒత్తిడికి లోబడి బేరారును వదలుకొంటిమని హైదరాబాదు ప్రభుత్వము వాపోవుచుండెను. మీర్ ఉస్మాన్ అలీఖాను దానిని తిరిగి యిమ్మని కోరగా, 1926లో రీడింగు ప్రభువు, బ్రిటిషు ప్రభుత్వపు ఆధిపత్యము సంధులపై మాత్రమే ఆధారపడినది కాదని గట్టిగా బదులు వ్రాసెను. సరిసమానుడని సంధిలో వ్రాసి, చాకిరివానిని గద్దించినట్లు గద్దించిన ఆ జాబు ఆయనకు ఎంత నొప్పి కలిగించెనో ఊహింపవచ్చును. అట్టి నొప్పి యెరిగిన ప్రభువు, మ్యూనిక్ జరిగిన ఆ సెప్టెంబరు నెలలోనే, ఇంకను స్థాపింపబడని స్టేటు కాంగ్రెసును ముందుగనే నిషేధించెను. 1947 నవంబరు 29న భారత ప్రభుత్వముతో యథాతథపు ఒడంబడిక వ్రాసికొన్నప్పుడును, 1948 ఆగష్టులో ఐక్యరాజ్య సమితికి ఫిర్యాదు పంపినప్పుడును హైదరాబాదు పేర మాటలాడినది ఆయన దర్బారే. కోటి యరువది లక్షలకు మించిన ప్రజలు హోటలు గదిలోనే యుండిరి. సెప్టెంబరులో భారతసైన్యము ప్రవేశించి అయిదు దినములలో ఆ యధ్యాయము ముగిసెను. వయోజనులందరిని ఓటు నడుగుట 1952 ఎన్నికలతో గాని జరుగలేదు.

మేము చేసిన దస్తావేజును రద్దుచేయ నెంచితిమా యని చదువరులు ప్రశ్నింపవచ్చును. ఎంచలేదు. అప్పటికే కొందరి భాగములు చేతులు మారినవి, ఇండ్లు లేచినవి. వానిలో కాపురమున్నవారు ఏ పాపము నెరుగరు. ఒక చేవ్రాలు అన్యాయమని తెలిసిన పిమ్మట దానిపై కట్టిన గోడల నేమి చేయవలెనో నాకు తోచలేదు. 1919 తరువాతి ఐరోపాకును తోచలేదు.

అయినను పోయిన మాఘమాసమున, దారి ప్రక్కన పంపకములో చేరక మిగిలిపోయిన యొక చిన్న తుంటను అమ్ముటకు కాగితము సిద్ధమైనప్పుడు, మా పెదతండ్రిగారి కుమారుడు కారును వాకిట నిలిపి, అత్తమ్మకు చదివి వినిపించుటకు వేళలేదు, ముహూర్తము మించునని తొందరపెట్టెను. నేను చదువుట కారంభించితిని. ఆమె కండ్లజోడు తెప్పించుకొని, పెట్టుకొని, “మొదటిసంది చదువు, నిమ్మళంగ” అనెను. రెండవ పుటలో గజములెన్ని యని యడిగెను. మూడవ పుటలో ధర యడిగెను. వాకిట కారు కూత రెండుమారులు వినబడెను. నేను కలము చేతికీయబోవగా, “రేపు రాండ్రి, మా పెద్దపిల్లను ఒక మాట అడిగి చెప్త” అని కాగితమును మడిచి తన దిండు క్రింద పెట్టుకొనెను.