కలుపు అన్నదెవరు?

కాకతీయ గణపతిదేవుడి సోదరి మైలమ తవ్వించిన బయ్యారం చెరువు మీద చరిత్రకారులు చాలా రాశారు. ఇలాంటి చెరువుల కట్టల మీద, చేల గట్ల మీద, దర్గాల వెనక, బొందలగడ్డల అంచున మొలిచే జిల్లేడు గురించి రాసినవాళ్లు తక్కువ. ఎవరూ నాటరు, ఎవరూ నీళ్లు పోయరు. అయినా ఎర్రటి ఎండల్లో పూస్తుంది.

మా ఇళ్లల్లో దాన్ని 'ఆక్' అంటారు. అది సంస్కృతం 'అర్క' నుంచి వచ్చిన మాటే. రథసప్తమి నాడు పొరుగింటివాళ్లు నెత్తిన పెట్టుకుని స్నానం చేసే ఆకూ, మా దాదీలు వెచ్చచేసి మోకాళ్లకు కట్టుకునే ఆకూ ఒక్కటే. ఆకుకి లేని మతం పేరుకి ఎక్కడిది?

జిల్లేడులో విషం లేదని మేము వాదించడం లేదు. దాని పాలు కంట్లో పడితే చూపు మసకబారుతుంది. గుండె లయను దెబ్బతీసే పదార్థాలు దానిలో ఉన్నాయి. పశువులు సాధారణంగా నోరు పెట్టవు. ఆడపిల్ల పుట్టిందని ఆ పాలు నోట్లో పోసి చంపిన పాపం ఈ దేశంలో జరిగింది. మరి ఆ పాపం చెట్టుదా, పోసిన చేతిదా?

అదే చెట్టు పువ్వు దగ్గరికి పెద్ద నల్ల తుమ్మెదలు వస్తాయి. జిల్లేడు పుప్పొడి పొడిలా రాలదు, చిన్న సంచుల్లో ఉండి తుమ్మెద కాళ్లకు తగులుకుని ఇంకో పువ్వుకి చేరుతుంది. చేలు ఖాళీగా ఉన్న రోజుల్లో కూడా జిల్లేడు వాటికి తేనె పెడుతుంది. కందిపూల మీద వాలి కాయ కట్టడానికి సాయపడేవాటిలో ఈ జాతి తుమ్మెదలూ ఉన్నాయి. నలుపు అంచుల నారింజ రంగు సీతాకోకచిలుక తన గుడ్లు ఈ ఆకు మీదే పెడుతుంది. పురుగు ఆ ఆకు తిని, ఆ విషాన్నే ఒంట్లో దాచుకుని పిట్టల నుంచి ప్రాణం కాపాడుకుంటుంది. అంటే ఒకరికి విషమైంది ఇంకొకరికి అన్నమూ, రక్షణా.

కలుపు అనేది చెట్టు గుణం కాదు, మనిషి ఇచ్చే తీర్పు. ఈ ప్రాంతం చేలల్లో ఎర్రగా పండే మిరప అమెరికా ఖండం నుంచి పోర్చుగీసువాళ్ల ఓడల్లో వచ్చింది. దాన్నెవరూ పరాయిది అనరు. ఈ నేల మీదే పుట్టిన జిల్లేడు మాత్రం పీకేయాల్సిన పిచ్చిమొక్క! కాబట్టి ఎక్కడ పుట్టావన్నది అసలు ప్రశ్న కాదు. నీతో నాకేం లాభం, నీ జాగా నాకు కావాలా అన్నదే ప్రశ్న. మిరపచేను మధ్య మొలిస్తే రైతు పీకుతాడు, అది అతని హక్కు. చెరువు కట్ట ఒక్కరిది కాదు గదా?

మాకూ ఈ లాభాల లెక్క అలవాటు చేశారు. రజాకార్ల పేరెత్తి మమ్మల్ని వేలెత్తి చూపినప్పుడల్లా, 1948లో ఆ రజాకార్ల చేతుల్లోనే ప్రాణాలు పోగొట్టుకున్న పత్రికా సంపాదకుడు షోయబుల్లా ఖాన్ పేరు చెబుతాం. విసునూరు దేశ్‌ముఖ్‌ను కోర్టులో ఎదిరించి 1940లో హత్యకు గురైన షేక్ బందగీ పేరు చెబుతాం. వాళ్లు మాకు గర్వం. కానీ ఆ పేర్లను ఉండడానికి అనుమతిపత్రాల్లా ఎందుకు చూపించాలి? పక్కింటివాణ్ణి ఎవరూ అడగని సర్టిఫికెట్ మమ్మల్నే ఎందుకడుగుతారు? తేనె ఇస్తుంది కాబట్టి జిల్లేడును ఉండనిద్దాం అంటే, తేనె ఇవ్వని రోజున నరికేయవచ్చనే గదా అర్థం! మేలు చేసినవాడికే చోటు అంటే రోగికీ, ముసలివాడికీ, ఏ వీరుడూ పుట్టని ఇంటికీ చోటెక్కడ?

అయితే మనుషులకూ మొక్కలకూ ఒక తేడా ఉంది. జిల్లేడు తన విషాన్ని వదులుకోలేదు. మేము వదులుకోగలం. జిల్లేడు కాయ పగిలితే పట్టులాంటి దూది వస్తుంది, దిండ్లలో నింపేవాళ్లు. దూది ఏకిన చేతులను మాత్రం మాలోనే తక్కువ చూసేవాళ్లున్నారు. నమాజు వరసలో భుజం కలిపి నిలబడి, పిల్లనిచ్చే మాట రాగానే 'దూదేకుల' అని ముఖం తిప్పుకునే గుణం ఇంకా ఉంది. అది మా విషం. దాన్ని తీసేయాల్సింది మేమే. బయటివాళ్లు వేలెత్తుతున్నారని దాన్ని దాచిపెట్టం. అది ఉందని మమ్మల్ని వేళ్లతో పీకే హక్కునూ ఎవరికీ ఇవ్వం.

మంచివాళ్లమని నిరూపించుకున్నాకే మనుషులమవుతాం అనే షరతును మేము ఒప్పుకోం. తప్పు చేసినవాణ్ణి ఆ తప్పుకు విచారించండి. జాతిని కాదు. చెరువు నీళ్లు తాగినవాళ్లందరికీ కట్ట మీద నిలబడే హక్కుంది. మేమూ తరాలుగా ఆ నీళ్లే తాగుతున్నాం.