నీకు వీలైనప్పుడే

మొన్న కాకినాడ వెళ్ళినప్పుడు మా పిన్ని నా ముందు ఒక చిక్కు ప్రశ్న పెట్టింది. బాబాయి పోయి ఏడాది దాటింది. ముప్ఫయ్యేళ్ళు పిల్లలకి లెక్కలు చెప్పి రిటైరైన మనిషి, ఈ ఒక్క లెక్కా తేలక నాలుగు నెలలుగా సతమతమవుతోంది.

"ఇల్లు అమ్మేసి హైదరాబాదు వచ్చెయ్యమంటున్నాడే వాడు. ఏం చెయ్యమంటావ్?"

వాడు చెడ్డవాడైతే చిక్కే లేదు. మంచివాడు. కోడలూ మంచిదే. అత్తగారి గదికి కొత్త కర్టెన్లు కూడా కుట్టించిందట.

"అక్కడ నాకేం లోటుండదు. కానీ నాలుగున్నరకి లేచి కాఫీ కలుపుకుంటే వాళ్ళకి నిద్రాభంగం. కలుపుకోకపోతే నాకు తలనొప్పి. బతికున్నానని పెన్షన్ ఆఫీసుకి ఏడాదికోసారి చెబితే చాలు. అక్కడ రోజూ చెప్పుకోవాలేమోనే!" అంది.

నవ్వొచ్చింది. ఇంత పెద్ద నిర్ణయం కాఫీ గ్లాసు దగ్గర ఆగిపోవడమేమిటి! తరవాత ఆలోచిస్తే, ఆగాల్సింది అక్కడేననిపించింది. ఎవర్నీ అడక్కుండా స్టవ్వు వెలిగించుకోగలిగితేనే కదా అది మన ఇల్లు?

అయినా నా తెలివి చూపించుకోవాలి కదా! 2007లో తల్లిదండ్రుల పోషణకి చట్టం వచ్చిందనీ, చూసుకోవాలన్న షరతుతో ఆస్తి రాసిచ్చాక పిల్లలు చూడకపోతే ట్రిబ్యునల్ ఆ రాతకోతల్ని రద్దు చెయ్యగలదనీ చెప్పాను. షరతు కాగితంలో స్పష్టంగా రాయించుకోవాలి సుమా అని కూడా హెచ్చరించాను.

"కొడుకు మీద ఫిర్యాదు పెట్టేదాకా వచ్చాక, ఇల్లు తిరిగొచ్చి ఏం లాభమే?" అంది పిన్ని. తిండీ బట్టా నీడా వైద్యమూ చట్టానికి అందుతాయి. నాలుగున్నర కాఫీ అందదు. చివరికి ఇల్లు అమ్మకుండా తాళం వేసి, సంక్రాంతి వెళ్ళాక మూడు నెలలు ఉండి చూస్తానంది. మీరైతే ఏమనేవారో గానీ, నేను సరేనన్నాను.

తిరుగు రైల్లో ఉండగా తట్టింది, నేనూ ఒక కోడల్నే కదా అని. మా అత్తగారు ఆరేళ్ళుగా మా దగ్గరే ఉంటున్నారు. ఆవిడకి ఏ లోటూ చెయ్యలేదని నా ధీమా. నలుగురిలోనూ చెప్పుకున్నాను కూడా. కాఫీ మాత్రం నేను లేచాక, ఆరున్నరకి. వాళ్ళ ఊళ్ళో ఉండగా ఆవిడ ఎన్నింటికి తాగేవారో నేనెప్పుడూ అడగలేదు.

మర్నాడు అడిగాను.

"నాదేముందమ్మా, నీకు వీలైనప్పుడే ఇవ్వు" అన్నారు ఎప్పటిలాగే. ఆరేళ్ళుగా ఆ మాటని సంతృప్తి అనుకున్నాను నేను! రెట్టించి అడిగితే, "ఊళ్ళో అయితే అయిదింటికల్లా..." అని ఆగిపోయారు, ఏదో తప్పు ఒప్పుకున్నట్టు.

మీరే కలుపుకోండి అత్తయ్యా అంటే పని పురమాయించినట్టుంటుంది. నేనే లేచి కలిపిస్తే ఆవిడకి రుణపడ్డట్టుంటుంది. ఎటూ తోచక, ఆ రాత్రి ఫిల్టరులో డికాక్షన్ వేసి, పక్కనే గ్లాసూ పంచదార డబ్బా పెట్టి, పాలు ఫ్రిజ్‌లో కింది అరలో ఉన్నాయని మాత్రం చెప్పాను.

మూడు రోజులు వంటింట్లో లైటు వెలగలేదు.

నాలుగో రోజున, ఇంకా చీకటి ఉండగానే, గ్లాసు చప్పుడైంది. మెలకువ వచ్చినా నేను లేవలేదు.