సమాధి ఒక పక్క, రోగి ఒక పక్క



బౌద్ధుల ధ్యానమూ, క్రైస్తవ మార్మికుల మౌన ప్రార్థనా చివరికి ఒకటేనా అని అడిగావు. ఒకటే అనేస్తే నీకూ సంతోషం, నాకూ ఉత్తరం తొందరగా తెమిలిపోతుంది. కానీ అది నిజం కాదు. బుద్ధుడి బోధలో సృష్టికర్తకు చోటు లేదు. ప్రతిదీ కారణాలను ఆసరా చేసుకుని పుట్టి పోయేదే, స్థిరమైన ఆత్మ అంటూ ఏదీ లేదు. క్రైస్తవ సాధకుడికి దేవుడే మొదలూ తుదీ, ఆయన కృప లేనిదే అడుగు పడదు. జర్మన్ మార్మికుడు ఎక్‌హార్ట్‌లో జెన్ బౌద్ధానికి దగ్గరి చుట్టాన్ని చూసిన జపాన్ పండితుడు సుజుకీ కూడా, ఆ పోలిక చేస్తూ 1957లో తెచ్చిన పుస్తకంలోనే, సిలువ మీది క్రీస్తు రూపం తనకు భరించరానిదని దాచకుండా రాశాడు. పోలికలు వెతికేవాళ్లు ఇలాంటి పేజీలను గబగబా తిప్పేస్తుంటారు.

మరి పోల్చడం దండగా? కాదు. సిద్ధాంతాలను కాసేపు పక్కన పెట్టి, ధ్యానంలో కలిగిన అనుభవాన్ని వీళ్లు దేనితో పరీక్షించారో చూడు. బౌద్ధ సన్యాసుల నియమాల గ్రంథమైన వినయపిటకంలోని మహావగ్గంలో అతిసారం పట్టిన ఒక భిక్షువు తన మలమూత్రాల్లోనే పడి ఉంటాడు. తమకు ఏ పనికీ రాడని తోటివాళ్లు అతన్ని పట్టించుకోరు. బుద్ధుడు శిష్యుడు ఆనందుడి చేత నీళ్లు తెప్పిస్తాడు. బుద్ధుడు పోస్తుంటే ఆనందుడు ఒళ్లు కడుగుతాడు. తలవైపు బుద్ధుడు, కాళ్లవైపు ఆనందుడు పట్టి మంచం మీద పడుకోబెడతారు. తల్లీ తండ్రీ దగ్గర లేని మీరు ఒకరినొకరు చూసుకోకపోతే ఇంకెవరు చూస్తారని భిక్షువులను మందలించి, తనకు సేవ చేయాలనుకునేవాడు రోగికి చేయాలంటాడు. దాదాపు పద్దెనిమిది శతాబ్దాల తర్వాత ఎర్ఫర్ట్ మఠంలో ఎక్‌హార్ట్ యువ సన్యాసులకు ఇంచుమించు ఇదే చెప్పాడు: అపొస్తలుడైన పౌలుకు కలిగినంతటి పరవశంలో ఉన్నా సరే, ఒక రోగికి నీ చేతి సూపు కావాలని తెలిస్తే, ఆ పరవశాన్ని వదిలి వెళ్లి పెట్టడమే మేలని. ఇక్కడా తేడా ఉంది. ఎక్‌హార్ట్ వెనక మత్తయి సువార్త 25వ అధ్యాయం ఉంది, అందులో రోగికి చేసినది క్రీస్తుకే చేసినట్టు. బుద్ధుడు ఎత్తి చూపింది ఇల్లు విడిచిన మనుషులకు ఒకరికొకరే దిక్కన్న సంగతి. దారులు వేరైనా ఇద్దరూ లేచి వెళ్లమన్నది మాత్రం ఆ మంచం దగ్గరికే.

అయితే ధ్యానంలో కూర్చోవడం ఎందుకు, నేరుగా సేవే చేస్తే పోలేదా అంటావు. సేవ కూడా ‘నేను’కు మంచి మేత, ఊళ్లో దాతల శిలాఫలకాలు చూస్తే తెలుస్తుంది. మరియ ప్రభువు పాదాల దగ్గర కూర్చుంటే మార్త పనిలో సతమతమైన లూకా సువార్త కథను ఎక్‌హార్ట్ తలకిందులు చేసి చదివాడు: పండినది మార్తే, మరియ ఇంకా నేర్చుకుంటోంది. పనుల మధ్య ఉండి పనుల్లో చిక్కుకోకపోవడం కూర్చుని నేర్చుకున్నాకే వస్తుందని ఆయన వాదం. మన సంప్రదాయం కృష్ణాతీరంతో ముడిపెట్టే బౌద్ధ తత్వవేత్త నాగార్జునుడు మరోవైపు నుంచి హెచ్చరించాడు. ఏదీ తనంతట తానుగా నిలవదనే శూన్యతనే ఒక సిద్ధాంతంగా పట్టుకున్నవాడిది మందులేని రోగమన్నాడు. వదలడమే గొప్పగా పట్టుకుంటే అదీ పట్టే.

ఎక్‌హార్ట్ బోధల్లోంచి తీసిన 28 వాక్యాలను 1329లో పోప్ తప్పుపట్టాడు కదా, ఆయన సాక్ష్యం చెల్లుతుందా అని ఎవరైనా అడగవచ్చు. సూపు మాట ఆ పట్టికలో లేదు. పైగా చర్చి 1970లో తన ఆచార్యుల వరసలో చేర్చిన స్పెయిన్ సన్యాసిని, అవిలా తెరెసా, 1577లో రాసిన గ్రంథంలో మార్త, మరియ కలిసి ఉంటేనే ప్రభువుకు ఆతిథ్యమంది.

నీ కాలంలో ధ్యానం ఫోన్‌లో యాప్‌గా దొరుకుతోంది. నిద్ర పడుతుంది, ఒత్తిడి తగ్గుతుంది అంటే కాదనను. వరసగా ఎన్ని రోజులు చేశావో లెక్కపెట్టి మెచ్చుకోవడం మొదలుపెట్టేసరికి, ప్రశాంతత కూడా జీతంలాగా, మార్కుల్లాగా పోగేసుకునే సరుకైపోతోంది. బుద్ధుడు, ఎక్‌హార్ట్, తెరెసా ఎవరూ ఆ లెక్క అడగరు. ఇంట్లో మంచం పట్టినవాళ్లకు మందు వేళకు అందిందా అంటారు.

రెండు దారులనూ కలిపి మూడోది తయారు చేసుకోకు. ఒకటి ఎంచుకో, రెండోదాన్ని గౌరవించు. ముందు మహావగ్గంలోని ఆ ఘట్టం, తర్వాత ఎక్‌హార్ట్ మార్త మీద చేసిన ప్రసంగం చదివి, నాతో ఎక్కడ విభేదిస్తావో మొహమాటపడకుండా రాయి.