రాజ్యం తీసుకోలేని పాట

అందెశ్రీ 2025 నవంబర్ 10న వెళ్లిపోయారు. బడికి పోని మనిషి, గొర్లు కాసి, తాపీ పని చేసి బతికిన మనిషి. ఆయనకు ప్రభుత్వ లాంఛనాలతో అంత్యక్రియలు జరిగాయి. ఆ వార్తలు చదువుతున్నన్ని రోజులూ ఒక ప్రశ్న తొలుస్తూనే ఉంది: పాటకవిని రాజ్యం ఇంత దగ్గరికి తీసుకున్నాక, ఆ పాట ఇంకా మనదేనా?

'జయ జయహే తెలంగాణ' ఉద్యమంలో ఎవరి అనుమతీ లేకుండా బతికిన పాట. ధూంధాంలో, దీక్షా శిబిరంలో ఎవరో ఒకరు ఎత్తుకునేవాళ్లు, మిగతావాళ్లు అందుకునేవాళ్లు. శ్రుతి తప్పినా, ఒక చరణం ఎగిరిపోయినా అడిగేవాళ్లు లేరు. మా సాఫ్ట్‌వేర్ భాషలో చెప్పాలంటే ఓపెన్ సోర్స్. 2014లో రాష్ట్రం వచ్చింది కానీ పాటకు అధికారిక హోదా రావడానికి ఇంకో పదేళ్లు పట్టింది. 2024 జూన్ 2న కీరవాణి సంగీతంతో, సభలకు సరిపడా కుదించిన రూపంతో, అది రాష్ట్ర గీతమైంది. అప్పట్లో గొడవంతా సంగీత దర్శకుడిది ఏ ప్రాంతం అన్న దాని మీదే నడిచింది. నాకది చిన్న గొడవ అనిపిస్తుంది. అసలు మారింది మన వినికిడి. అప్పుడు గొంతు కలపనివాడు ఉత్త శ్రోత. ఇప్పుడు లేచి నిలబడనివాడు తప్పు చేసినవాడు.

అయితే ఆయన ఆ గౌరవాన్ని కాదనాల్సిందా? అలా అనేవాళ్లున్నారు. ప్రజాకవి పేదగానే ఉండాలి, సర్కారు సొమ్ము ముట్టకూడదు అని. నెలనెలా జీతం ఖాతాలో పడే నాలాంటివాళ్లు ఈ మాట అనడం మరీ సులువు. మన ఆదర్శాల అద్దె ఇంకొకరి చేత కట్టించడమే ఇది. చిన్నప్పటి నుంచి ఒళ్లు వంచి బతికిన మనిషికి గుర్తింపు వస్తే, ముందు సంతోషపడటం మర్యాద.

రాజుల దగ్గరికి వెళ్లిన పాటగాళ్లు ఇంకా ఉన్నారు. పద్దెనిమిదో శతాబ్దంలో స్టాక్‌హోంలో కార్ల్ మైకేల్ బెల్‌మన్ ఉండేవాడు. 1772లో మూడో గుస్తావ్ అధికారాన్ని తన చేతుల్లోకి తీసుకుంటే ఆయన్ని కీర్తిస్తూ పాట కట్టాడు. 1776లో రాజుగారి చలవతో లాటరీ కార్యాలయంలో కొలువు దొరికింది. 1792లో రాజు హత్యకు గురయ్యాడు. 1794లో బెల్‌మన్ అప్పులు తీర్చలేక జైలుకు పోయాడు, మరుసటి ఏడాది చనిపోయాడు. స్వీడన్ ఆయన్ని తలుచుకునేది ఎక్కువగా ఆ కీర్తన వల్ల కాదు. తాగుబోతులూ, చితికిపోయిన గడియారాల పనివాడూ, ఉల్లా విన్‌బ్లాడ్ అనే ఆడమనిషీ తిరుగాడే పాటల వల్ల. 1790లో అవి పుస్తకంగా వచ్చాయి.

అందెశ్రీకీ అలాంటి ఇంకో పాట ఉంది. 'మాయమైపోతున్నడమ్మా'. నారాయణమూర్తి 'ఎర్ర సముద్రం' సినిమాతో ఊరూరా తెలిసిన పాట. మనిషిలో మనిషి కనబడకుండా పోతున్నాడన్న దుఃఖం అది. భూపాలపల్లి కలెక్టరేట్‌లో జూన్ 2న జెండా ఎగరేశాక ఈ పాట పెట్టారనుకోండి. వేదిక మీద వాళ్లందరూ నిటారుగా నిలబడి, మనుషులు కరువయ్యారన్న మాట వినాలి! ఎవరు ఒప్పుకుంటారు? మొదటి పాట తల్లిని పొగుడుతుంది, అందులో అందరికీ చోటుంది. రెండోది వింటున్నవాడి వైపే చూస్తుంది. ఏ పార్టీ ప్రభుత్వమైనా మొదటిదాన్నే తీసుకోగలదు.

గీతలు మార్చడం మాత్రం ప్రభుత్వాలకు తేలికే. ఆయన పుట్టిన రేబర్తి, జనగామ పక్కన, పాత వరంగల్ జిల్లాలో ఉండేది. 2016 విభజనలో సిద్దిపేట జిల్లాకు పోయింది. అదే విభజనలో జనగామ, మహబూబాబాద్, భూపాలపల్లి కొత్త జిల్లాలయ్యాయి. పది జిల్లాల తెలంగాణ కోసం పాడినవాళ్ల పిల్లలు ఇప్పుడు 33 జిల్లాల పటం గీస్తున్నారు, బడుల్లో రాష్ట్ర గీతం పాడుతున్నారు. పాడనివ్వండి, మంచి పాట. రెండో పాట నేర్పమని మాత్రం ఏ సర్క్యులరూ రాదు. మహబూబాబాద్‌లోనో జనగామలోనో ఎవరో ఒక టీచర్, తెలుగు పీరియడ్ చివర పది నిమిషాలు మిగిలినప్పుడు, తనంతట తానే ఎత్తుకోవాలి.